అపాల: ప్రతి పెళ్ళిలోనూ పలుకుతున్న పేరు

సభాధ్యక్షులకు, వేదికనలంకరించిన పెద్దలకు, ఈ గ్రంథాలయాన్ని ఇన్నేళ్ళుగా కాపాడుకుంటూ వస్తున్న కార్యవర్గానికి, ముందు వరుసలో కూర్చున్న ఆడపిల్లలకు నమస్కారం. జనవరి 24, జాతీయ బాలికా దినోత్సవం సందర్భంగా ఆడపిల్లల పేర్ల గురించి మాట్లాడమని నన్ను పిలిచారు. విషయం చాలా పెద్దది. నేను మాత్రం ఒక్క పేరు గురించే మాట్లాడతాను. ఆ పేరు అపాల.

ఈ మధ్య అక్కడక్కడా ఒకరిద్దరు పిల్లలకు ఈ పేరు వినబడుతోంది. మా తమ్ముడి మనవరాలికి కూడా ఇదే పెట్టారు. బారసాల నాడు పళ్ళెంలోని బియ్యం మీద ఉంగరంతో ఆ మూడక్షరాలు రాయగానే, ‘పాలు లేనిదనా అర్థం? చంటిపిల్లకు అదేం పేరమ్మా?’ అని ఒక పెద్దావిడ అడిగారు. కాస్త సంస్కృతం చదువుకున్న బంధువొకరు అంతకన్నా గట్టి మాట అన్నారు. ‘పాలుడంటే కాపాడేవాడు, అపాల అంటే కాపాడే దిక్కు లేనిది, ఆడపిల్లకు ఇటువంటి అశుభమైన పేరు పెట్టకూడదు’ అన్నారు. ఆ బాలింత ముఖం చిన్నబోయింది. ఆ రోజు పదిమందిలో చెప్పలేకపోయిన మాటలన్నీ ఈ రోజు మీ ముందు చెప్పాలని వచ్చాను.

ఆ బంధువు చెప్పిన వ్యుత్పత్తి తప్పు కాదు. అయితే పేరుకు విలువ వ్యుత్పత్తితోనే రాదు. సీత అంటే నాగటిచాలు. ఆ అర్థం చూసి ఎవరైనా తమ కూతురికి సీత అని పేరు పెట్టడం మానుకున్నారా? ఆ పేరు పెట్టుకున్న మనిషి ఎటువంటిదో చూసి మనం ఆ పేరును గౌరవిస్తున్నాం. అపాల విషయంలోనూ అదే చూడమని నా ప్రార్థన.

ఋగ్వేదం ఎనిమిదవ మండలంలోని 91వ సూక్తానికి ఋషి అపాల. అత్రి వంశానికి చెందినది కనుక ఆమెను ఆత్రేయి అంటారు. సూక్తంలో ఉన్నవి ఏడే మంత్రాలు. ఒక కన్య నీళ్ళ కోసం వెళుతుంది. దారిలో ఆమెకు సోమలత, అంటే యాగాలలో దేవతలకు అర్పించే రసం తీసే తీగ, దొరుకుతుంది. దాన్ని ఇంటికి తెచ్చుకుంటూ, ‘నిన్ను ఇంద్రుడి కోసం పిండుతాను, శక్రుడి కోసం పిండుతాను’ అని ఆ తీగతోనే చెబుతుంది. శక్రుడన్నా ఇంద్రుడే. సోమయాగం చేయాలంటే రాళ్ళు కావాలి, రసాన్ని వడకట్టడానికి ఉన్ని కావాలి, యాగం నడిపించే ఋత్విక్కులు కావాలి. ఈ పిల్ల దగ్గర అవేవీ లేవు, ఉన్నవి పళ్ళు మాత్రమే. ఆ పళ్ళతోనే నమిలి రసం తీసింది. ‘జంభసుతం’, అంటే పళ్ళతో పిండినది, అని మంత్రం స్పష్టంగా చెబుతోంది. ఆ రసంతోపాటు వేయించిన గింజలు, పిండితో చేసిన కరంభం, అప్పాలు పెట్టి, ‘ఇల్లిల్లూ చూసుకుంటూ పోతున్న ఓ చిన్ని వీరుడా, ఇది తాగు’ అని ఇంద్రుణ్ణి పిలిచింది. వృత్రుణ్ణి చంపిన దేవుణ్ణి ‘వీరక’ అని ఇంట్లో పసివాణ్ణి పిలిచినట్లు పిలవగలిగిన ఆ చనువును మీరొక్క క్షణం తలచుకోండి. ఎంత చదివినా నాకు ఆ మంత్రం దగ్గర కళ్ళు చెమరుస్తాయి.

ఇక ఆమె ఏమడిగిందో వినండి. ‘ఇంద్రా, ఈ మూడు చోట్ల మొలిపించు’ అంటుంది. మొదటిది తన తండ్రి తల, రెండవది వాళ్ళ పొలం, మూడవది తన ఒళ్ళు. తండ్రికి బట్టతల, పొలంలో పంట లేదు, తనకు యౌవనం రాలేదు. వరం ఇచ్చే దేవుడు ఎదుట నిలబడితే ఆ వయసు పిల్ల నోట తండ్రి మాట ముందు వచ్చింది, పొలం మాట తరువాత వచ్చింది, తన మాట చివర వచ్చింది. తరువాతి మంత్రంలో ఈ వరుస మారుతుంది కానీ, అక్కడ కూడా ఆమె తన ఒక్కదాని కోసం అడగదు. దిక్కులేనిదని మనం పేరు విడగొట్టి చెప్పిన ఈ పిల్లే తన తండ్రికీ పొలానికీ దిక్కయింది.

తరువాతి కాలపు వారు ఈ కథను మరో దారి పట్టించారు. ఋగ్వేద దేవతల గురించీ సూక్తాల వెనుక కథల గురించీ చెప్పే, శౌనకుడి పేరుతో ఉన్న బృహద్దేవత అనే గ్రంథంలో అపాల చర్మరోగం కలిగిన స్త్రీ. ఇంద్రుడు ఆమెను రథపు రంధ్రం గుండా మూడుసార్లు లాగితే మూడు పొరల చర్మం ఊడిందట. మొదటి పొర ముళ్ళపంది అయింది, రెండవది ఉడుము, మూడవది ఊసరవెల్లి. ఈ కథ ఆసక్తిగా ఉంటుంది కనుక ఇదే జనంలో నిలిచింది. సూక్తంలో మాత్రం రోగం అన్న మాట లేదు. చివరి మంత్రంలో ఇంద్రుడు ఆమెను మూడుసార్లు పవిత్రం చేసి సూర్యుడివంటి మేనిఛాయ ఇచ్చాడని మాత్రమే ఉంది. తండ్రి కోసం, పొలం కోసం అడిగిన కోరిక మరుగున పడి, ఆమె చర్మం ఒక్కటే మన జ్ఞాపకంలో మిగిలింది. ఆడపిల్ల రంగు గురించి పెళ్ళిచూపుల్లో అడిగే మన అలవాటు ఒక ఋషిని కూడా వదలలేదని నాకు చాలా బాధగా ఉంటుంది.

ఇప్పుడు చెప్పబోయేది మన ఇళ్ళకు సంబంధించినది. ‘ఖే రథస్య ఖేఽనసః ఖే యుగస్య’ అని మొదలయ్యే ఆ చివరి మంత్రం, రథపు రంధ్రంలో, బండి రంధ్రంలో, కాడి రంధ్రంలో అని చెప్పే ఆ మంత్రం, కొద్ది మార్పుతో మన వివాహ ప్రయోగంలో ఉంది. తెలుగునాట వైదిక కుటుంబాలలో ఎక్కువమంది కృష్ణయజుర్వేదులు, ఆపస్తంబ సూత్రులు, అంటే ఆపస్తంబుడి సూత్రగ్రంథం చెప్పినట్లు పెళ్ళివంటి కర్మలు జరుపుకునేవారు. ఆ సూత్రం ప్రకారం వధువు తలమీద దర్భలతో చుట్టిన చుట్ట పెడతారు. దానిమీద కాడి కుడివైపు రంధ్రం ఆనేటట్లు నిలుపుతారు. ఆ రంధ్రంలో బంగారం ఉంచి, దాని మీదుగా మంత్రజలం పోస్తారు. కాడిని తలమీద నిలిపే ఆ సమయంలోనే పురోహితుడు ‘అపాలాం’ అని ఆ పేరును నోరారా పలుకుతాడు. అశుభమనుకున్న ఆ పేరు ఇన్ని తరాలుగా మన అమ్మమ్మల తలల మీద, మన తల్లుల తలల మీద, మన కూతుళ్ళ తలల మీద దీవెనగా పలుకుతూనే ఉంది. ఇంతకన్నా శుభమైన పేరు ఎక్కడ దొరుకుతుంది?

కానీ ఆ సమయంలో మనం ఏం చేస్తున్నాం? బొమ్మంత కాడిని ఒకరు తలమీద ఆనీ ఆననట్లు పట్టుకుంటారు, వీడియో తీసేవారు ముఖం ఇటు తిప్పమంటారు, బంధువులు భోజనాల బంతి గురించి మాట్లాడుకుంటారు. తన తలమీద ఎవరి పేరు చదివారో పెళ్ళికూతురికి ఒక్కరూ చెప్పరు. ఘోష, లోపాముద్ర, అత్రి వంశానికే చెందిన విశ్వవార కూడా ఋగ్వేదంలో సూక్తాలు చెప్పినవారే. అయినా పెళ్ళిపీటల మీదికి వచ్చి మన పిల్లల తలలు తాకే పేరు అపాలది.

ఆడపిల్లలారా, మీలో ఎవరికైనా అరుదైన పేరు ఉండి, బడిలో హాజరు పిలిచేటప్పుడు దాన్ని తప్పుగా పలికితే లేచి సరిచేయండి. ఇంగ్లీషు అక్షరాలలో రాస్తే అపాల ‘అపల’ అయిపోతుంది. మా పాప బడికి వెళ్ళే నాటికి పకారానికి దీర్ఘం ఉందని తానే చెప్పుకునేటట్లు నేర్పుతున్నాం.

ఈ సభలో పౌరోహిత్యం చేసే పెద్దలు కొందరు కనిపిస్తున్నారు. అయ్యా, మీకు చేతులెత్తి మొక్కుతున్నాను. వచ్చే మాఘమాసం ముహూర్తాలలో ఆ కాడి ఎత్తినప్పుడు మేళాన్ని ఒక్క నిమిషం ఆపించి, అపాల ఎవరో, ఏమడిగిందో వధువుకు రెండు తెలుగు వాక్యాలలో చెప్పండి. ఏడు మంత్రాలకూ తాత్పర్యం రాసి, కాగితాలు అచ్చు వేయించి తెచ్చాను. అవి గుమ్మం దగ్గర బల్లమీద ఉన్నాయి, వెళ్ళేటప్పుడు తలా ఒకటి తీసుకువెళ్ళండి. నమస్కారం.