కాదనగలిగే అధికారి, ఖాళీగా ఉన్న కుర్చీ

నమస్కారం. 1948 నవంబర్ 4న రాజ్యాంగ ముసాయిదాను రాజ్యాంగ సభ ముందుంచుతూ డాక్టర్ బి.ఆర్. అంబేడ్కర్ చేసిన ప్రసంగంలో ఒక హెచ్చరిక ఉంది. రాజ్యాంగ రూపాన్ని ఏమాత్రం మార్చకుండానే, కేవలం పరిపాలనా రూపాన్ని మార్చడం ద్వారా, దాన్ని దాని స్ఫూర్తికే విరుద్ధంగా తిప్పేయడం పూర్తిగా సాధ్యమని ఆయన అన్నారు. పాలనా వివరాలన్నీ రాజ్యాంగంలోకి ఎందుకు ఎక్కించారని ఆక్షేపించిన వారికి ఆయన చెప్పిన సమాధానం అది. ఒక సంస్థ బలహీనపడిందా లేదా అని చూడాలంటే చట్టం ప్రతిని తిరగేస్తే సరిపోదనీ, ఆ సంస్థలో ఎవరు కూర్చున్నారు, వారిని ఎవరు కూర్చోబెట్టారు, ఎంతకాలానికి కూర్చోబెట్టారు, అసలు ఎవరైనా కూర్చున్నారా అని చూడాలనీ ఆ మాటలను బట్టి నాకు అర్థమైంది. ఈరోజు మాట్లాడబోయేది దాని గురించే.

ఉదారవాద రాజకీయ చింతన అనగానే మనకు వాక్‌స్వాతంత్ర్యం, మత స్వేచ్ఛ, చట్టం ముందు సమానత్వం గుర్తుకొస్తాయి. అవన్నీ నిజమే. అయితే ఆ స్వేచ్ఛలకు కాపలా ఎవరు అన్న ప్రశ్న దగ్గరే ఈ చింతన అసలు పని మొదలవుతుంది. పాలకుడు మంచివాడైతే చాలునని అది ఏనాడూ నమ్మలేదు. మనుషులు దేవదూతలైతే ప్రభుత్వమే అక్కర్లేదని, దేవదూతలే మనుషులను పాలిస్తుంటే ఆ ప్రభుత్వం మీద అదుపు అక్కర్లేదని 1788లో అమెరికా రాజ్యాంగ నిర్మాతల్లో ఒకరైన జేమ్స్ మాడిసన్ రాసింది ఆ అపనమ్మకంతోనే. అధికారంలో ఉన్నవారితో ‘ఇది కుదరదు’ అని చెప్పి, ఆ మర్నాడు కూడా అదే పదవిలో, అదే జీతంతో, అదే గౌరవంతో కొనసాగగలిగిన మనిషి వ్యవస్థలో ఒక్కచోట కాదు, పదిచోట్ల ఉండాలి. సంస్థాగత సమగ్రత అని నేను అనేది దీన్నే.

ఆ మనిషికి రక్షణ లేని రోజుల్లో ఏం జరిగేదో ఇంగ్లండ్ చరిత్ర చెబుతుంది. 1616లో రాజు మొదటి జేమ్స్, తన అధికారానికి సంబంధించిన ఒక కేసులో విచారణ ఆపమని న్యాయమూర్తులను ఆదేశించాడు. ఇకమీదట కూడా తాను ఆపమంటే ఆపుతారా అని వారిని ఒక్కొక్కరినీ అడిగాడు. అందరూ సరేనన్నారు. ప్రధాన న్యాయమూర్తి ఎడ్వర్డ్ కోక్ మాత్రం, అలాంటి సందర్భం వచ్చినప్పుడు న్యాయమూర్తి చేయదగిన పనే చేస్తానని జవాబిచ్చాడు. ఆ ఏడాది ముగియకముందే ఆయన పదవి పోయింది. న్యాయమూర్తి రాజుగారి ఇష్టం ఉన్నంతవరకే కొలువులో ఉండాలన్న ఆ పద్ధతికి ముగింపు పలికింది 1701 నాటి వారసత్వ చట్టం. సత్ప్రవర్తన ఉన్నంతకాలం న్యాయమూర్తి కొనసాగుతాడు, తొలగించాలంటే పార్లమెంటు ఉభయ సభలూ కోరాలి, జీతం స్థిరంగా ఉండాలి అని అందులో రాసుకున్నారు. అదే రక్షణ అమెరికా వలసల్లోని న్యాయమూర్తులకు దక్కలేదు. అందుకే 1776 స్వాతంత్ర్య ప్రకటనలో రాజు మీద మోపిన అభియోగాల్లో, న్యాయమూర్తుల పదవీకాలాన్నీ జీతాన్నీ తన ఇష్టానికే కట్టేశాడన్నది ఒకటిగా చేరింది. మనిషి బతుకుతెరువు మీద అధికారం అంటే అతని సంకల్పం మీద అధికారమేనని మరో అమెరికా రాజ్యాంగ నిర్మాత అలెగ్జాండర్ హామిల్టన్ రాసిన మాట కూడా ఈ అనుభవం నుంచే వచ్చింది.

మన రాజ్యాంగ నిర్మాతలు ఈ పాఠాన్ని శ్రద్ధగా చదువుకున్నారు. సుప్రీంకోర్టు న్యాయమూర్తిని తొలగించాలంటే ప్రతి సభలోనూ మొత్తం సభ్యుల్లో మెజారిటీతో పాటు, హాజరై ఓటు వేసినవారిలో మూడింట రెండు వంతుల మద్దతు కావాలి. ప్రభుత్వ లెక్కలను తనిఖీ చేసే కంప్ట్రోలర్ అండ్ ఆడిటర్ జనరల్ (కాగ్)కు, ప్రధాన ఎన్నికల కమిషనర్‌కు కూడా అదే కవచం ఇచ్చారు. న్యాయమూర్తుల జీతాలను, కాగ్ జీతాన్ని ప్రభుత్వ ఆదాయం జమయ్యే సంచిత నిధి మీదే నేరుగా వేశారు కాబట్టి పార్లమెంటులో ఏటా వాటి మీద ఓటింగు జరగదు. కోపం వచ్చిన మెజారిటీ జీతం ఆపి లొంగదీసుకోవడం కుదరదన్నమాట.

మరి కవచం ఇంత గట్టిదైతే దెబ్బ ఎక్కడ తగిలింది? 1976 ఏప్రిల్ 28కి వెళ్దాం. ఎమర్జెన్సీలో నిర్బంధంలో ఉన్న వ్యక్తి తన నిర్బంధం చట్టబద్ధమో కాదో తేల్చమని కోర్టును అడగవచ్చా అన్నది ఏడీఎం జబల్‌పూర్ కేసులో ప్రశ్న. అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనంలో నలుగురు అడగకూడదన్నారు. జస్టిస్ హెచ్.ఆర్. ఖన్నా ఒక్కరే, చట్టం అనుమతి లేకుండా ఎవరి ప్రాణాన్నీ స్వేచ్ఛనూ హరించే అధికారం ప్రభుత్వానికి లేదని, ఆ రక్షణ 21వ అధికరణం ఇచ్చిన కానుక కాదు గనుక ఎమర్జెన్సీలో ఆ అధికరణం అమలును నిలిపివేసినంత మాత్రాన మాయమైపోదని రాశారు. ఆయనను తొలగించే శక్తి నాటి ప్రభుత్వానికి లేదు. తొలగించనూ లేదు. 1977 జనవరిలో సీనియారిటీ ప్రకారం ప్రధాన న్యాయమూర్తి కావలసిన ఆయనను పక్కనపెట్టి, జూనియర్ అయిన జస్టిస్ ఎం.హెచ్. బేగ్‌ను నియమించింది. ఖన్నా రాజీనామా చేశారు. అంతకు నాలుగేళ్ల ముందు, 1973లో, రాజ్యాంగ మౌలిక స్వరూపాన్ని పార్లమెంటు మార్చలేదన్న కేశవానంద భారతి తీర్పు వెలువడిన వెంటనే ముగ్గురు సీనియర్ న్యాయమూర్తులను దాటవేసి జస్టిస్ ఎ.ఎన్. రేను ప్రధాన న్యాయమూర్తిని చేయడం కూడా ఇదే కోవలోది. 360 ఏళ్ల ముందు కోక్‌ పదవి నుంచి తొలగింపుకు గురైతే, ఖన్నాకు పదోన్నతి దక్కకుండా పోయింది. దండన రూపం నాగరికమైంది, అంతే. జబల్‌పూర్ తీర్పు తప్పని సుప్రీంకోర్టు స్వయంగా ప్రకటించడానికి 2017 ఆగస్టు 24 దాకా, గోప్యత హక్కుపై ఇచ్చిన పుట్టస్వామి తీర్పు దాకా, ఆగవలసి వచ్చింది.

పదోన్నతి ఒక ఎర అయితే, పదవీ విరమణ తర్వాత దొరికే కొలువు మరొకటి. కాగ్ పదవి వదిలాక కేంద్ర, రాష్ట్ర ప్రభుత్వాల కింద మరే పదవీ చేపట్టరాదని 148వ అధికరణం స్పష్టంగా చెబుతుంది. ఎన్నికల కమిషనర్లకు, సుప్రీంకోర్టు న్యాయమూర్తులకు అలాంటి నిషేధం లేదు. న్యాయమూర్తులకూ ఆ కట్టడి ఉండాలని ప్రొఫెసర్ కె.టి. షా రాజ్యాంగ సభలో వాదించారు. కోర్టుల ముందుకు వచ్చే తగాదాల్లో ప్రభుత్వ ప్రయోజనం అతి స్వల్పమని, అసలు లేదనే చెప్పవచ్చని, కాబట్టి ప్రలోభానికి అవకాశం తక్కువని అంబేడ్కర్ దాన్ని తోసిపుచ్చారు. ఈ ఒక్క విషయంలో షా దూరదృష్టే సరైనదని నేను గట్టిగా నమ్ముతాను. ఎందుకంటే ఇవాళ దేశంలో అతి పెద్ద కక్షిదారు ప్రభుత్వమే.

జీతం సంగతి చూడండి. 2005 నాటి సమాచార హక్కు చట్టం సమాచార కమిషనర్లకు అయిదేళ్ల పదవీకాలాన్ని, ఎన్నికల కమిషనర్లతో సమానమైన జీతభత్యాలను చట్టంలోనే నిర్ణయించింది. 2019 సవరణ ఆ రెండింటినీ చట్టం నుంచి తీసి కేంద్ర ప్రభుత్వం చేసే నిబంధనలకు అప్పగించింది. రాష్ట్ర కమిషనర్ల విషయం కూడా అంతే. ఆ ఏడాదే వచ్చిన నిబంధనలు పదవీకాలాన్ని మూడేళ్లకు కుదించాయి. జీతం తగ్గిందా పెరిగిందా అన్నది ఇక్కడ ముఖ్యం కాదు. దాన్ని నిర్ణయించే కలం, ఎవరి దగ్గర సమాచారం రాబట్టాలో వారి చేతికే వెళ్లింది. హామిల్టన్ ఆందోళన పడ్డది సరిగ్గా దీని గురించే.

ఇక నియామకం. ఎన్నికల కమిషన్ మీద 1949 జూన్‌లో రాజ్యాంగ సభలో జరిగిన చర్చ ఇవాళ చదివినా మనసు కలుక్కుమంటుంది. ప్రధాన ఎన్నికల కమిషనర్ నియామకానికి పార్లమెంటు ఉభయ సభల సంయుక్త సమావేశంలో మూడింట రెండు వంతుల ఆమోదం ఉండాలని శిబ్బన్ లాల్ సక్సేనా కోరారు. మూర్ఖుడో, కపటియో, కార్యనిర్వాహక వర్గం చెప్పుచేతల్లో ఉండేవాడో ఆ పదవిలోకి రాకుండా అడ్డుకునే ఏర్పాటు లేనప్పుడు పదవీకాలాన్ని ఎంత భద్రంగా ఉంచినా ప్రయోజనం లేదని అంబేడ్కర్ కూడా ఒప్పుకున్నారు. ఒప్పుకున్నా పరిష్కారం దొరకలేదు. పార్లమెంటు చేసే చట్టానికి లోబడి రాష్ట్రపతి నియమిస్తారని రాసి వదిలేశారు. ఆ చట్టాన్ని ఏడు దశాబ్దాల పాటు ఏ పార్టీ ప్రభుత్వమూ చేయలేదు. 2023 మార్చి 2న సుప్రీంకోర్టు, చట్టం వచ్చేదాకా ప్రధాని, ప్రతిపక్ష నేత, భారత ప్రధాన న్యాయమూర్తి కలిసి ఎంపిక చేయాలంది. ఆ డిసెంబరులో పార్లమెంటు చేసిన చట్టం ప్రధాన న్యాయమూర్తి స్థానంలో ప్రధాని సూచించే ఒక కేంద్ర మంత్రిని పెట్టింది.

ముగ్గురిలో ఇద్దరు ప్రభుత్వం వారైన కమిటీ ఎలా పనిచేస్తుందో మనం అంతకుముందే చూశాం. ప్రభుత్వంలో అవినీతిపై నిఘా పెట్టే కేంద్ర విజిలెన్స్ కమిషనర్‌ను ఎంపిక చేసే కమిటీలో ప్రధాని, హోంమంత్రి, ప్రతిపక్ష నేత ఉంటారు. 2010లో, క్రిమినల్ కేసు పెండింగులో ఉన్న అధికారిని, ప్రతిపక్ష నేత అభ్యంతరం చెప్పినా, మిగిలిన ఇద్దరి మాటతో నియమించారు. 2011 మార్చి 3న సుప్రీంకోర్టు ఆ నియామకాన్ని కొట్టివేసింది. అభ్యర్థి వ్యక్తిగత నిజాయితీ ఒక్కటే కొలమానం కాదని, అతను కూర్చున్నాక ఆ సంస్థ సమగ్రత నిలుస్తుందా అన్నది చూడాలని, అసమ్మతిని తోసిపుచ్చే మెజారిటీ తన కారణాలను రాసి ఉంచాలని ఆ తీర్పు చెప్పింది. నాటి ప్రభుత్వం ఒక కూటమిది, 2023 చట్టం చేసిన ప్రభుత్వం మరో కూటమిది. పార్టీని బట్టి మన అభ్యంతరం మారితే మనం కోరుతున్నది సంస్థ స్వతంత్రతను కాదు, మనవాళ్ల పెత్తనాన్ని.

ఇక్కడ ఒక బలమైన ఆక్షేపణ ఉంది, దాన్ని తేలికగా తీసుకోకూడదు. ప్రజలు ఎన్నుకున్న ప్రభుత్వాన్ని, ఎవరూ ఎన్నుకోని అధికారులు అడ్డుకోవడం ప్రజాస్వామ్యమేనా అని అడుగుతారు. విధానం నిర్ణయించే అధికారం ఎన్నికైన వారిదే అనడంలో నాకు సందేహం లేదు. పన్ను ఎంత, పథకం ఏది, రోడ్డు ఎటు అన్నది కాగ్ తేల్చదు, ఎన్నికల కమిషన్ తేల్చదు. ఖర్చు చట్టప్రకారం జరిగిందా, పోటీ న్యాయంగా సాగిందా అన్నంతవరకే వాటి పని. ఆ గీత దాటిన సంస్థను తప్పుపట్టాల్సిందే. స్వతంత్రత పేరుతో జవాబుదారీతనం నుంచి తప్పించుకోవడాన్ని కూడా తప్పుపట్టాల్సిందే. 2015 అక్టోబర్ 16న, న్యాయమూర్తుల ఎంపికలో ప్రభుత్వానికీ చోటిచ్చిన జాతీయ న్యాయ నియామకాల కమిషన్‌ను కొట్టివేసినప్పుడు సుప్రీంకోర్టు న్యాయవ్యవస్థ స్వతంత్రతను కాపాడిందని నేను ఒప్పుకుంటాను. కానీ తిరిగి నిలబెట్టిన కొలీజియం, అంటే న్యాయమూర్తులను ఎంపిక చేసే సీనియర్ న్యాయమూర్తుల బృందం, ఒకరిని ఎందుకు ఎంచుకుందో మరొకరిని ఎందుకు కాదందో పౌరులకు వివరంగా చెప్పే అలవాటు ఇంకా చేసుకోలేదు. ప్రభుత్వాన్ని కారణాలు రాయమని ఆదేశించే కోర్టు తన కారణాలను కూడా బయటపెట్టాలి.

ఇప్పటిదాకా చెప్పినవన్నీ కుర్చీలో మనిషి ఉన్నప్పటి సంగతులు. అన్నిటికన్నా నిశ్శబ్దంగా జరిగే పని ఆ కుర్చీని ఖాళీగా ఉంచడం. దీనికి చట్ట సవరణ అక్కర్లేదు, సభలో చర్చ అక్కర్లేదు, ఎవరినీ తొలగించాల్సిన అవసరం లేదు. ఉన్నత పదవుల్లోని వారి మీద అవినీతి ఫిర్యాదులను విచారించే లోక్‌పాల్ కోసం చేసిన చట్టం 2014 జనవరి 16న అమల్లోకి వచ్చింది. తొలి లోక్‌పాల్ నియామకం జరిగింది 2019 మార్చిలో. గుర్తింపు పొందిన ప్రతిపక్ష నేత లేరు కాబట్టి ఎంపిక కమిటీ కూర్చోలేదన్నది చెప్పిన కారణం. నేత లేకపోయినా నియామకం చేయవచ్చని సుప్రీంకోర్టు 2017 ఏప్రిల్‌లోనే చెప్పింది. సీబీఐ డైరెక్టర్ ఎంపికలో ఇదే చిక్కు వస్తే 2014లోనే చట్టాన్ని సవరించి, అతి పెద్ద ప్రతిపక్ష పార్టీ నాయకుడికి చోటిచ్చారు. అంటే మార్గం తెలియక ఆగలేదు. 2019 నుంచి 2024 దాకా నడిచిన 17వ లోక్‌సభకు డిప్యూటీ స్పీకరే లేరు. వీలైనంత త్వరగా ఎన్నుకోవాలని 93వ అధికరణం అంటున్నా అయిదేళ్లూ గడిచిపోయాయి.

రాష్ట్రాలు తక్కువ తినలేదు. జార్ఖండ్ సమాచార కమిషన్ 2020 మే నుంచి ఏళ్ల తరబడి ఒక్క కమిషనర్ కూడా లేకుండా పడి ఉండిపోయింది. తెలంగాణలో 2023 ఫిబ్రవరిలో కమిషనర్ల పదవీకాలం ముగిశాక రెండేళ్లకు పైగా, రెండు వేర్వేరు పార్టీల ప్రభుత్వాల హయాంలో, కమిషన్‌లో కమిషనర్లు లేరు. దీని ఫలితం ఏమిటో ఆలోచించండి. సమాచారం ఇవ్వని అధికారికి రోజుకు 250 రూపాయల చొప్పున గరిష్ఠంగా 25,000 రూపాయల జరిమానా వేయగలిగేది కమిషన్ ఒక్కటే. అది ఖాళీ అయితే చట్టం పుస్తకంలో అలాగే ఉంటుంది, దరఖాస్తు ఫీజు కూడా అలాగే ఉంటుంది, కానీ దరఖాస్తును పక్కన పడేసిన అధికారికి భయపడవలసిన కారణం ఒక్కటీ మిగలదు. పోలీసు శాఖలోనూ ఇదే కథ. డీజీపీకి కనీసం రెండేళ్ల పదవీకాలం ఉండాలని 2006లో ప్రకాశ్ సింగ్ కేసులో, తాత్కాలిక డీజీపీలను నియమించవద్దని 2018లో సుప్రీంకోర్టు చెప్పినా, ఆ తర్వాత కూడా పలు రాష్ట్రాలు ఇన్‌ఛార్జి డీజీపీలతోనే నెట్టుకొచ్చాయి. ఇన్‌ఛార్జి అధికారి రేపు ఉంటాడో లేదో అతనికే తెలియదు. అలాంటి మనిషి ముఖ్యమంత్రితో కుదరదని అనగలడా?

ఖాళీ ఏర్పడటానికి ఒకటి రెండు నెలల ముందే నియామక ప్రక్రియ మొదలుపెట్టాలని సమాచార కమిషన్ల విషయంలో 2019 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఆదేశించింది. పదవీ విరమణ తేదీ నియామకం రోజునే తెలిసే విషయం కాబట్టి ఇందులో అసాధ్యమేమీ లేదు. నా దృష్టిలో దీన్ని తీర్పుల్లో వదిలేయకుండా ప్రతి పర్యవేక్షణ సంస్థ చట్టంలోనూ రాయాలి. గడువులోగా కొత్తవారు రాకపోతే, వచ్చేదాకా పాతవారే కొనసాగుతారని చేర్చాలి. అప్పుడు జాప్యం వల్ల ప్రభుత్వానికి కలిసొచ్చేది ఏమీ ఉండదు. పాతవారు కావాలనే కొనసాగింపు వాడుకోకుండా దానికి ఆరు నెలల హద్దు పెట్టవచ్చు. ఆ హద్దు కూడా దాటితే సంబంధిత మంత్రి సభలో నిలబడి, ఆ కుర్చీ ఎందుకు ఖాళీగా ఉందో, ఎప్పటికి నిండుతుందో తేదీతో సహా లిఖితపూర్వకంగా చెప్పాలి.