గొడొల్లో రివ్యూ: ప్యాలెస్ ఒక్కటే చూసి వెనక్కి రాకండి

నమస్తే అండి. ముందే చెప్పేస్తున్నాను, ఈ వీడియో కోసం హంగేరీ రాజధాని బుడాపెస్ట్ దగ్గరున్న గొడొల్లో అనే ఊళ్ళో గదులు అద్దెకిచ్చే ఒకావిడ వీకెండ్‌కి గది ఉచితంగా ఇచ్చారు. గది శుభ్రంగా ఉంది, ఎండ బాగా పడుతుంది, వివరాలు కింద పెట్టాను. దాని గురించి ఇంతకంటే చెప్పను. ఊరి గురించి చెప్పేదంతా నా సొంత అభిప్రాయమే.

ఆ ఊళ్ళో పేరున్న ప్యాలెస్‌లో ఎన్ని గదులున్నాయి, ఎప్పుడు తెరుస్తారు, ఇవన్నీ మీరు ఇప్పటికే ఎక్కడో చూసే ఉంటారు. నేను రైలు దగ్గర మొదలుపెడతాను, ఎందుకంటే నాకు ఈ ఊరు నచ్చడానికి సగం కారణం ఆ రైలే.

బుడాపెస్ట్‌లో ఎం2 మెట్రో చివరి స్టేషన్ ఓర్ష్ వెజేర్ తెరె. అక్కడ దిగితే పక్కనే హేవ్ అనే ఆకుపచ్చ లోకల్ రైలు నిలబడి ఉంటుంది. హెచ్8 లైన్. తూర్పు జర్మనీ ఉన్న రోజుల్లో అక్కడ తయారైన పెట్టెలివి. కదిలేటప్పుడు మోటారు మూలుగు మీ పాదాల కింద తెలుస్తుంది. ఈ లైను 1888లో త్సింకొతా దాకా వేశారు, 1911లో గొడొల్లో దాకా పొడిగించారు. అంటే వందేళ్ళకు పైగా ఆ ఊరివాళ్ళు ఈ దారిలోనే పనికి వెళ్ళి వస్తున్నారు. నేను లింగంపల్లి నుంచి ఎంఎంటీఎస్‌లో ఆఫీసుకి వెళ్ళినదాన్ని. లోకల్ రైలంటే నాకు ఎందుకింత ఇష్టమో మీకు అర్థమయ్యే ఉంటుంది.

నేను సాయంత్రం ఐదున్నరకి ఎక్కాను. టూరిస్టులు పెద్దగా లేరు. నా ఎదురు సీట్లో ఒక పెద్దావిడ ఒళ్ళో గుడ్డసంచి పెట్టుకుని కూర్చుంది, అందులోంచి సోయకూర కట్ట బయటికి వచ్చి ఉంది. పెట్టె అంతా ఆ వాసనే. హంగేరీ వంటల్లో సోయకూర బాగా వాడతారు, గుమ్మడికాయ కూరలో కూడా వేస్తారు. కిటికీలోంచి చూస్తుంటే మొదట అపార్ట్‌మెంట్లు, తర్వాత పెరడున్న ఇళ్ళు, కెరెపెష్ దాటాక పచ్చటి గుట్టలు. మొద్యొరోద్ స్టాప్ వస్తుంది. 1986 నుంచి ఫార్ములా వన్ రేసు జరుగుతున్న హంగరోరింగ్ ట్రాక్ ఆ ఊరి పక్కనే. రేసు రోజుల్లో ఈ రైలు కిక్కిరిసిపోతుంది, ఆ వారాంతం మాత్రం మానుకోండి.

ఒక విషయం జాగ్రత్త. బుడాపెస్ట్ సిటీ పాస్ ఊరి పొలిమేర వరకే చెల్లుతుంది. అక్కణ్ణుంచి అదనపు టికెట్ తీసుకోవాలి. ఎక్కే ముందే తీసుకుంటే టెన్షన్ ఉండదు. ఈ దేశంలో కొన్నాళ్ళు ఉండేవాళ్ళైతే 2023 మేలో వచ్చిన జిల్లా పాస్, దేశమంతటికీ చెల్లే పాస్ గురించి తెలుసుకోండి. మొదలుపెట్టినప్పుడు ఒకటి 9,450 ఫోరింట్లు, రెండోది 18,900.

గొడొల్లోలో సాబాద్‌షాగ్ తేర్ స్టాప్‌లో దిగితే ఎదురుగా ప్యాలెస్. గ్రాషాల్కొవిచ్ ఆంటల్ అనే పెద్ద జమీందారు 18వ శతాబ్దంలో కట్టించుకున్నది. 1867లో హంగేరీ రాజుగా కిరీటం పెట్టుకున్న ఆస్ట్రియా చక్రవర్తి ఫ్రాంజ్ జోసెఫ్‌కి, ఎలిజబెత్ రాణికి పట్టాభిషేక కానుకగా ఇచ్చారు. అందరూ సిసి అని పిలిచే ఆ రాణి హంగేరియన్ భాష పట్టుబట్టి నేర్చుకుంది, ఈ ఊళ్ళో నెలల తరబడి ఉండేది. రెండో ప్రపంచయుద్ధం తర్వాత ఇదే భవనంలో సోవియట్ సైన్యం ఉంది, వృద్ధాశ్రమం నడిచింది. బాగుచేసి 1996లో మ్యూజియంగా తెరిచారు. సిసి గదుల్లో ఊదారంగు గోడలు చూడండి, బాగుంటాయి.

ఇక్కడే నాకు కోపం వస్తుంది. టూర్ బస్సులు వస్తాయి, గంటలో గదులన్నీ చూపించి జనాన్ని మళ్ళీ బస్సెక్కించేస్తాయి. ఆ భవనం వెనకాల అంత పెద్ద పార్కు ఉందన్న సంగతే వాళ్ళకి తెలియదు! టికెట్ లేదు, ఏమీ లేదు, నడుచుకుంటూ వెళ్ళిపోవచ్చు. నేను చూసినప్పుడు పెద్ద పెద్ద చెట్ల కింద పిల్లల బళ్ళు తోసుకుంటూ తల్లులు, పరుగు తీసేవాళ్ళు, బెంచీ మీద పుస్తకాలతో స్టూడెంట్లు. ఇక్కడి వ్యవసాయ విశ్వవిద్యాలయానికి హంగేరీ ప్రభుత్వం ఇచ్చే స్టైపెండియం హంగారికం స్కాలర్‌షిప్‌తో మన దేశం పిల్లలు కూడా వస్తారు. ఒకప్పుడు రాణి తిరిగిన తోటలో ఇప్పుడు ఊరు ఊరంతా తిరుగుతోంది. డబ్బు కట్టి చూసిన గదులకంటే నాకు ఇదే ఎక్కువ నచ్చింది.

బుడాపెస్ట్ దగ్గరే ఉన్న ఇంకో ఊరు సెంటెండ్రె మీద నా వీడియో చూసినవాళ్ళు రెండింటిలో ఏది బాగుందని అడుగుతారు. సెంటెండ్రె అందంగా ఉంటుంది, కాదనను. కానీ మధ్యాహ్నానికల్లా ప్రతి సందులో ఫ్రిజ్ మాగ్నెట్ల దుకాణాలు, వాటి ముందు జనం. గొడొల్లో ఎవరి కోసమూ ముస్తాబు కాదు. రాత్రి ఎనిమిదికి వీధులు ఖాళీ, తినడానికి చోట్లు తక్కువ, అది నిజమే. నాకు అదే ప్రశాంతంగా అనిపించింది.

చుట్టుపక్కల టైముంటే మారియాబెష్న్యో చర్చికి వెళ్ళండి. 18వ శతాబ్దంలో పునాదులు తవ్వుతుంటే దొరికిన వేలెడంత మేరీమాత బొమ్మ కోసం ఇప్పటికీ యాత్రికులు వస్తారు. గ్రాషాల్కొవిచ్ సమాధి కూడా అక్కడే. చరిత్ర ఇష్టమైతే ఇషాసెగ్ పక్క ఊరే, 1849 ఏప్రిల్ 6న హంగేరీ సైన్యం ఆస్ట్రియన్లను ఓడించిన చోటు. ఆ గెలుపు తర్వాత హంగేరీ స్వాతంత్ర్య పోరాట నాయకుడు కొషూత్ వచ్చి బస చేసింది ఈ ప్యాలెస్‌లోనే.

బుడాపెస్ట్‌లో మూడు రోజులుంటే అందులో ఒక పూర్తి రోజు దీనికి ఇవ్వండి. పొద్దున పార్కు, మధ్యాహ్నం ప్యాలెస్, సాయంత్రం మారియాబెష్న్యో. కారులో మాత్రం వెళ్ళకండి, దయచేసి. మీలో ఎవరైనా అక్కడ చదువుతుంటే, ఊళ్ళో మంచి లాంగోష్, అంటే నూనెలో వేయించిన రొట్టె, ఎక్కడ దొరుకుతుందో కామెంట్‌లో రాయండి, ఈసారి వెళ్ళినప్పుడు తింటాను.