పలక ఎటు పెట్టాలో రంపమే చెబుతుంది

(మా అపార్ట్‌మెంటు నివాసుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం. కార్యదర్శిగారు నన్ను ఫ్లోరింగ్ నిపుణుడని పరిచయం చేశారు. నేలమీద పరిచే పలకలను కోయడంలో నా అనుభవమంతా కలిపితే ఒక పడకగది, పదకొండు పాడైన పలకలు. ఆ పదకొండులో మొదటిదాన్ని మీకోసం తెచ్చాను. ఈ అంచు చూడండి, ఎలుక కొరికినట్టు లేదూ?

దీని అసలు పేరు లామినేట్. మనం వుడెన్ ఫ్లోరింగ్ అంటున్నాం గానీ, పైన కనిపించే టేకు చారలు కాగితం మీద అచ్చువేసిన బొమ్మ మాత్రమే. దాని కింద ఉన్నది కలప పీచును జిగురుతో కలిపి గట్టిగా ఒత్తిన పలక. బొమ్మ మీద మెలమైన్ అనే గట్టి ప్లాస్టిక్ లాంటి పూత, ఆ పూతలో అల్యూమినియం ఆక్సైడ్ పొడి. ఉప్పుకాగితానికి గరుకునిచ్చేదీ అదే పదార్థం. కుర్చీ లాగినా గీత పడనివ్వదు. రంపం పళ్లను కూడా అంతే పట్టుదలగా అరగదీస్తుంది. మామూలు బ్లేడుతో కోస్తే కాసేపటికే మాడువాసన వస్తుంది. కార్బైడ్ అనే చాలా గట్టి పదార్థపు మొనలున్న, సన్నని పళ్ల బ్లేడు కొనండి. పొదుపు చేయాలనుకుంటే వేరే చోట చేయండి.

ఇక ఎలుక సంగతి. ఆ పూత గాజులాగా పెళుసు. రంపపు పన్ను పలకలోకి దిగే వైపు అంచు శుభ్రంగా ఉంటుంది, బయటికి వచ్చే వైపు పెచ్చులు లేస్తాయి. జిగ్ సా అంటే సన్నని బ్లేడు పైకీ కిందికీ ఆడే కరెంటు రంపం. దాని బ్లేడు పళ్లు సాధారణంగా పైకి చూస్తాయి, కోత పైకి లాగినప్పుడే పడుతుంది. గుండ్రటి బ్లేడు తిరిగే, చేత్తో పట్టుకుని నడిపే సర్క్యులర్ సా కూడా కిందినుంచి పైకే కోస్తుంది. ఈ రెండింటికీ బొమ్మ వైపు కిందికి ఉండాలి. తోసినప్పుడు కోసే చేతిరంపానికి బొమ్మ పైకి ఉండాలి.

నేను గీత కనబడాలని బొమ్మ పైకి పెట్టి జిగ్ సా నడిపాను. ఎదురు ఫ్లాటులో పనికి వచ్చిన వడ్రంగి గుమ్మంలోంచి చూసి, "సార్, పలక తిరగేసి వెనకవైపు గీత గీసుకోండి" అని వెళ్లిపోయాడు. తిరగేశాను. ఈసారి స్తంభం కోసం కోసిన మూల అద్దంలో బొమ్మలా అటుది ఇటు అయింది. పాడైన పలకల్లో మూడు ఆ లెక్కలోవే. బోర్లా వేశాక పారేసే ముక్క మీద పెద్ద ఇంటూ గుర్తు పెట్టే అలవాటు అప్పుడే వచ్చింది.

రాయి కోసే మార్బుల్ కటర్‌కు కర్ర బ్లేడు బిగించి వాడటం మీరు చూసే ఉంటారు. దయచేసి ఆ పని చేయకండి. అది నిమిషానికి దాదాపు 12,000 చుట్లు తిరుగుతుంది, పళ్లులేని బిళ్లకోసం చేసింది. పన్ను ఎక్కడైనా పట్టుకుందంటే యంత్రం మనమీదికే ఎగురుతుంది.

శబ్దం, దుమ్ము వద్దనుకునేవాళ్లకు అడకత్తెర తరహాలో చేతిపిడి నొక్కి కోసే కటర్లు ఉన్నాయి. అడ్డకోతకు హాయిగా ఉంటాయి, చివరి వరుసకు కావలసిన నిలువుకోతకు మాత్రం రంపం తప్పదు. రంపమైతే బాల్కనీలో కోయండి, ముక్కుకు ఎన్95 మాస్కు, కళ్లకు అద్దాలు పెట్టుకోండి. పక్కింటివాళ్లు బట్టలు ఆరేశారేమో చూడండి. ఇది కూడా అనుభవంతోనే చెబుతున్నాను.

ఇంత రాద్ధాంతం చేశాను గానీ, గోడ పక్కన కోతలు ఎలా ఉన్నా ఎవరికీ కనబడవు. వానాకాలం తేమకు పలకలు ఉబ్బుతాయి కాబట్టి గోడకు 8 నుంచి 10 మిల్లీమీటర్ల ఖాళీ వదలాలి, దాన్ని గోడ అడుగున బిగించే స్కర్టింగ్ పట్టీ కప్పేస్తుంది. కోత బయటపడేది స్తంభం దగ్గర, పైపు దగ్గర, గుమ్మం దగ్గర.

గుమ్మం దగ్గర మాత్రం పలకను ద్వారబంధం వంపుల ప్రకారం చెక్కుతూ కూర్చోకండి. ద్వారబంధాన్నే కోయండి. కింద పరిచే ఫోమ్ ముక్క, దానిమీద ఒక పలక ముక్క నేలమీద పెట్టి, చేతిరంపాన్ని ఆ ముక్క మీద పడుకోబెట్టి అడ్డంగా లాగండి. సరిగ్గా ఫోమ్, పలక రెండూ పట్టేంత సందు ఏర్పడుతుంది, పలక అందులోకి జారిపోతుంది. గది మొత్తంలో నాకు బాగా నచ్చిన పని అదే. మా ఆవిడ కూడా అక్కడొక్కచోటే మెచ్చుకుంది.

ఇక మాటలు చాలు. బల్లమీద నాలుగు పలకలు, జిగ్ సా, చేతిరంపం ఉన్నాయి. కళ్లద్దాలు రెండే ఉన్నాయి కాబట్టి ఇద్దరిద్దరుగా రండి. ముందుగా పలక ఎటు పెట్టాలో మీరే చెప్పండి.