కృష్ణుడి నుంచి శకుని దాకా: సి.ఎస్.ఆర్. ఆంజనేయులు కథ

[తెర మీద: మాయాబజార్‌లో శకుని స్టిల్]

ఈ ముఖం మీకు తెలుసు. మాయాబజార్‌లో పాచికలు పట్టుకుని, ముసిముసిగా నవ్వుతూ, దుర్యోధనుడికి ఎత్తులు చెప్పే శకుని మామ. ఈయన పూర్తి పేరు చిలకలపూడి సీతారామాంజనేయులు. టైటిల్స్‌లో పొట్టిగా సి.ఎస్.ఆర్.

చాలామందికి తెలియని సంగతి ఏంటంటే, అంతకు ఇరవై ఏళ్ల ముందు ఈయన తెలుగు తెర మీద కృష్ణుడు. వేంకటేశ్వరస్వామి కూడా. దేవుడి వేషాలు కట్టిన హీరో శకుని దగ్గరికి ఎలా వచ్చాడు? కిందికి జారి వచ్చాడని కొందరనుకుంటారు. నేను ఒప్పుకోను. ఎందుకో చెప్తాను.

[తెర మీద: పద్యనాటకం ఫోటోలు, హార్మోనియం]

సి.ఎస్.ఆర్. 1907లో పుట్టారు. ఆయన నాటకాల్లోకి వచ్చేసరికి తెలుగు రంగస్థలం అంటే పద్యమే. మైకులు లేవు. పందిరి చివర కూర్చున్నవాడికి కూడా మాట స్పష్టంగా వినపడాలి. గొంతు బాగుండి రాగం తీస్తే జనం వన్స్ మోర్ అని అరిచేవాళ్లు, నటుడు కథ ఆపి అదే పద్యం మళ్లీ పాడేవాడు. అయితే రాగం ఒక్కటే ఉంటే సరిపోదు. పద్యాన్ని ఎక్కడ విరవాలి, ఏ మాట మీద ఆగాలి, ఏ మాటను తేలిగ్గా దాటేయాలి అన్నది తెలియాలి. లేకపోతే పాట మిగులుతుంది, అర్థం పోతుంది.

సి.ఎస్.ఆర్.కి రంగస్థలం మీద బాగా పేరు తెచ్చిన వేషాల్లో కృష్ణుడు ఒకటి. కృష్ణుడి వేషం ఎంత కష్టమో రాయబారం ఘట్టం చూసినవాళ్లకి తెలుసు. కౌరవసభలో నిలబడి సంధి మాటలు చెప్పాలి, ఆ మాటల అడుగున యుద్ధం వినిపించాలి. పైకి ఒకటి, లోపల ఇంకొకటి. ఈ విద్యని గుర్తుపెట్టుకోండి, కథంతా దీని మీదే నడుస్తుంది.

[తెర మీద: 1936]

టాకీలు వచ్చాక సినిమావాళ్లకి ముందుగా కావాల్సినవాళ్లు పాడగలిగే నాటకాల నటులే. అప్పట్లో కెమెరా ముందు నటుడే పాడాలి, అక్కడికక్కడే రికార్డయిపోతుంది. 1936లో ద్రౌపది కథతో ఒకేసారి రెండు సినిమాలు పోటీపడ్డాయి. ద్రౌపదీ మానసంరక్షణంలో బళ్లారి రాఘవ దుర్యోధనుడు, బందా కనకలింగేశ్వరరావు కృష్ణుడు. ద్రౌపదీ వస్త్రాపహరణంలో యడవల్లి సూర్యనారాయణ దుర్యోధనుడు, మన సి.ఎస్.ఆర్. కృష్ణుడు. గెలిచింది వస్త్రాపహరణం. 1939లో పి. పుల్లయ్య తీసిన బాలాజీలో సి.ఎస్.ఆర్. వేంకటేశ్వరుడు, శాంతకుమారి పద్మావతి.

తర్వాత రోజులు మారాయి. 1940ల్లో ప్లేబ్యాక్ స్థిరపడింది. హీరో పాడక్కర్లేదు, పాడినట్టు పెదవులు కదిపితే చాలు. ఎన్టీఆర్, ఏఎన్నార్ లాంటి కుర్రవాళ్లు వచ్చారు. గొంతు మీద బతికిన హీరోలకి ఇది పెద్ద దెబ్బ. 1951లో పాతాళభైరవి వచ్చేసరికి తోటరాముడు ఎన్టీఆర్, రాజకుమారికి తండ్రి అయిన రాజుగారు సి.ఎస్.ఆర్.

[తెర మీద: దేవదాసు, 1953]

నా దృష్టిలో ఆయన అసలు నటన ఇక్కడ మొదలవుతుంది. దేవదాసులో పార్వతిని పెళ్లి చేసుకునే జమీందారు ఆయనే. ఎదిగిన పిల్లలున్న మనిషి, వయసు మళ్లినవాడు. ఆ పాత్రని విలన్‌గా చేయడం చాలా తేలిక, ప్రేక్షకుడు ఎలాగూ అతని మీద కోపంతోనే ఉంటాడు. సి.ఎస్.ఆర్. అలా చేయలేదు. మర్యాద, కాస్త మొహమాటం, తను చేసింది న్యాయమేనా అన్న అనుమానం. ఇవన్నీ గొంతు పెంచకుండా చూపించారు. పందిరి చివరిదాకా వినపడేలా పాడిన మనిషి ఇంత తగ్గించి మాట్లాడటం నాకు ఎప్పుడూ ఆశ్చర్యమే.

ఆ తర్వాత చక్రపాణిలో పిసినారి ముసలాయన. 1955లో కన్యాశుల్కంలో రామప్పపంతులు. ఆ సినిమా దర్శకుడు ఎవరో తెలుసా? పి. పుల్లయ్యే! పదహారేళ్ల కిందట దేవుణ్ని చేసిన మనిషికే ఈసారి పల్లెటూరి తగువులమారి వేషం ఇచ్చారు. అదే పుల్లయ్య 1960లో వేంకటేశ్వరుడి కథని మళ్లీ తీశారు. ఈసారి స్వామి ఎన్టీఆర్. పాత పద్మావతి శాంతకుమారి ఇందులో వకుళమాత.

[తెర మీద: మాయాబజార్, 1957]

ఇక శకుని. ఈ సినిమాలో ఆయన మాట వినండి, చూడటం తర్వాత. ప్రతి వాక్యంలోనూ ఒక విరుపు ఉంటుంది. ఒక మాటని సాగదీస్తారు, చిన్నగా ఆగుతారు, మిగతాది తేలిగ్గా వదిలేస్తారు. పద్యం విరిచే పద్ధతి ఇది, రాగం తీసేస్తే మిగిలిందన్నమాట. పైకి తీపి, లోపల కత్తి. రాయబారం కృష్ణుడి విద్యే ఇది, చేతులు మారింది అంతే.

చివర్లో సత్యపీఠం సీన్ ఉంది. దాని మీద నిలబడితే నిజం తప్ప నోట రాదు. యాదవ వీరుడు సాత్యకి శకునిని దాని మీద నిలబెడతాడు. సినిమా అంతా మాటని దాచిన మనిషి, మనసులో ఉన్న కుట్రంతా తన నోటితోనే బయటపెడతాడు. ఇంతసేపూ ఆచితూచి విరిచిన గొంతు ఒక్కసారిగా అదుపు తప్పుతుంది. మొదటి నుంచీ అంత జాగ్రత్తగా మాట్లాడకపోతే ఈ సీన్‌కి ఇంత నవ్వు రాదు.

1961లో జగదేకవీరుని కథలో రాజనాలకి మంత్రిగా "హే రాజన్" అంటూ ఆయన తీసే దీర్ఘం చాలామందికి ఇప్పటికీ నోటికొచ్చు. ఆ ఒక్క పిలుపులోనే పొగడ్తా ఉంది, ఎగతాళీ ఉంది. రాజుకి మొదటిది మాత్రమే వినపడుతుంది, మనకి రెండూ వినపడతాయి.

1963 అక్టోబర్ 8న సి.ఎస్.ఆర్. చనిపోయారు. అప్పటికి ఆయనకి 56 ఏళ్లే. ఆయన సినిమాలు కొత్తగా చూడాలనుకుంటే ముందు దేవదాసు, వెంటనే కన్యాశుల్కం చూడండి. రెండింటి మధ్య తేడా రెండేళ్లు. జమీందారుని, రామప్పపంతుల్ని ఒకే గొంతుతో ఎలా వేరు చేశారో అక్కడ తెలిసిపోతుంది.