కేసు నడవాలంటే ఇల్లు నడవాలి

(ఎంఎస్‌డబ్ల్యూ, అంటే సోషల్ వర్క్ పీజీ, విద్యార్థులకు ఫీల్డ్ వర్క్ మొదలయ్యే ముందు చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం.

పిల్లలను లైంగిక నేరాల నుంచి కాపాడే పోక్సో చట్టం గురించి మీకు క్లాసులో చెప్పే ఉంటారు. సెక్షన్ల నంబర్లు నాకంటే మీకే బాగా గుర్తుంటాయి, పరీక్షలు దగ్గర్లో ఉన్నాయి కాబట్టి. అందుకని ఫిర్యాదు ఎలా ఇవ్వాలో ఇవాళ చెప్పను. ఫిర్యాదు ఇచ్చిన మర్నాటి నుంచి తీర్పు వచ్చేదాకా ఆ ఇంట్లో ఏం జరుగుతుందో, అక్కడ మీ పని ఏమిటో చెబుతాను. కోర్టు కేసు చేపట్టిన ఏడాదిలోగా, వీలైనంతవరకు, విచారణ పూర్తి కావాలని చట్టంలో ఉంది. ఆ వీలు తరచు కుదరదు. రెండేళ్లు, మూడేళ్లు సాగే కేసులు మామూలే. అన్నాళ్లూ ఆ కుటుంబం ఏం తిని, ఎక్కడ తలదాచుకుని, ఎవరి అండ చూసుకుని బతకాలన్నది ఛార్జిషీటులో ఎక్కడా ఉండదు.

ఒక కుటుంబాన్ని అనుకుందాం. ఇది ఏ ఒక్కరి కథా కాదు, చాలా ఇళ్లలో కనిపించేవి కలిపి చెబుతున్నాను. పాలమూరు వైపు నుంచి హైదరాబాద్ శివారుకు వలస వచ్చిన తల్లి. కట్టుబడి పనుల్లో కూలి. భర్త లేడు. పదమూడేళ్ల కూతురు, తొమ్మిదేళ్ల కొడుకు. వాళ్లను ఊరి నుంచి తీసుకొచ్చింది అక్క మొగుడు, మేస్త్రీ. పని ఇప్పించింది అతనే. రేకుల గది చూపించిందీ, ఊళ్లో అప్పు తీర్చడానికి అడ్వాన్సు ఇచ్చిందీ అతనే. పిల్లను పాడు చేసిందీ అతనే.

పోక్సో కేసుల్లో పదింట తొమ్మిదికి పైగా నిందితుడు పిల్లకు ముందే తెలిసినవాడని నేషనల్ క్రైమ్ రికార్డ్స్ బ్యూరో లెక్కలు ఏటా చెబుతూనే ఉన్నాయి. ఈ లెక్క చూసి మనం ‘ఎంత నమ్మకద్రోహం’ అనుకుని ఊరుకుంటాం. కానీ తెలిసినవాడంటే చాలాసార్లు ఆ ఇల్లు ఎవరి మీద ఆధారపడి ఉందో వాడే. అతని మీద కేసు పెడితే ఇల్లూ పోతుంది, కూలీ పోతుంది, అక్కతో రాకపోకలూ పోతాయి. ఊళ్లో ఉన్న ముసలి తల్లి కూడా ‘నా పెద్ద కూతురి కాపురం కూల్చావు’ అని చిన్న కూతురి మీదే దుమ్మెత్తి పోస్తుంది. ఇన్ని పోతాయని తెలిసీ పోలీస్ స్టేషన్ మెట్లెక్కిన మనిషిని, ఆరు నెలల తర్వాత ‘సహకరించడం లేదు’ అని మన ఫైళ్లలో రాస్తాం.

చట్టం చేసిన ఏర్పాట్లను నేను తక్కువ చేయడం లేదు. మహిళా పోలీసు అధికారి యూనిఫాం లేకుండా పిల్ల ఇంటికో, పిల్ల కోరిన చోటికో వెళ్లి వాంగ్మూలం తీసుకోవాలి. 24 గంటల్లో బాలల సంక్షేమ కమిటీకి, అంటే సీడబ్ల్యూసీకి, తెలియజేయాలి. వాంగ్మూలం, వైద్య పరీక్ష, కౌన్సెలింగ్, న్యాయ సహాయం కోసం నాలుగు చోట్లకు తిప్పకుండా ఒకే చోట జరిగేలా 2016లో హైదరాబాద్‌లో భరోసా కేంద్రం పెట్టారు, తర్వాత జిల్లాలకూ ఆ పద్ధతి వెళ్లింది. ఇవన్నీ కావాల్సినవే. అయితే ఇవి కేసును నిలబెట్టే ఏర్పాట్లు. కుటుంబాన్ని నిలబెట్టే నిబంధనలు కూడా అదే చట్టం కింద ఉన్నాయి, వాటిని అడిగేవాళ్లు తక్కువ. అడగాల్సింది మీరు.

పోక్సో నిబంధనలు, 2020లో ఎనిమిదో నిబంధన చదవండి. తిండికి, బట్టలకు, రాకపోకలకు, ఇతర అత్యవసరాలకు వెంటనే డబ్బు ఇవ్వాలని సీడబ్ల్యూసీ సిఫార్సు చేయవచ్చు. సిఫార్సు అందిన వారంలోగా ఆ డబ్బు చేరాలి. ఎఫ్‌ఐఆర్ ఉంటే చాలు, తీర్పు దాకా ఆగక్కర్లేదు. తొమ్మిదో నిబంధన కింద ప్రత్యేక కోర్టు మధ్యంతర పరిహారం ఇప్పించవచ్చు, అది కూడా ఎఫ్‌ఐఆర్ తర్వాత ఏ దశలోనైనా. కోర్టు తనంతట తాను ఇవ్వవచ్చు, లేదా పిల్ల తరఫున దరఖాస్తు పెట్టుకోవచ్చు. మన తల్లి కథలో మొదటి వారంలోనే గది ఖాళీ చేయమంటారు. ఆ వారంలో ఆమె చేతికి నాలుగు వేలు అందడానికీ, తీర్పు తర్వాత నాలుగు లక్షలు రావడానికీ చాలా తేడా ఉంది. అప్పటికి ఆమె కేసులో నిలబడి ఉంటుందో, రాజీపడి ఊరు వెళ్లిపోతుందో తేలేది ఆ మొదటి వారంలోనే.

ఇంకొకటి స్పాన్సర్‌షిప్. పిల్లల సంరక్షణకు కేంద్రం పెట్టిన మిషన్ వాత్సల్య పథకం కింద పిల్ల సొంత ఇంట్లోనే ఉండి చదువుకోవడానికి నెలకు 4,000 రూపాయలు ఇస్తారు. కుటుంబ ఆదాయం పల్లెల్లో ఏడాదికి 72,000, ఇతర చోట్ల 96,000 మించకూడదు. భర్త చనిపోయిన లేదా వదిలేసిన తల్లుల పిల్లలకు ఇది ముఖ్యంగా ఉద్దేశించింది. ఆదాయ ధ్రువపత్రం, ఆధార్, బ్యాంకు ఖాతా, బడి నుంచి ఒక కాగితం, వీటి చుట్టూ తిరగడానికే కూలి మనిషికి వారం పని పోతుంది. ‘మీరు మీసేవకు వెళ్లి తెచ్చుకోండి’ అని చెప్పి వచ్చేస్తే అది సోషల్ వర్క్ కాదు. వెంట వెళ్లండి.

ఇప్పుడు అసలు చిక్కు దగ్గరికి వద్దాం. పిల్లను ఇంట్లోనే ఉంచాలా, బాలసదన్‌కు, అంటే పిల్లల కోసం ప్రభుత్వం నడిపే హోంకు, పంపాలా?

నేరం చేసినవాడు అదే ఇంట్లో ఉంటే పిల్లను సీడబ్ల్యూసీ ముందు హాజరుపరచాలి. ఇంటి నుంచి తప్పించాలా లేదా అన్నది కమిటీ మూడు రోజుల్లో తేల్చాలి. కమిటీలో ఒక చైర్‌పర్సన్, నలుగురు సభ్యులు. వాళ్లు పిల్లను చూసేది కాసేపే, కాబట్టి మీరిచ్చే రిపోర్టు మీదే చాలా ఆధారపడతారు. పిల్లల సంరక్షణను చూసే జువెనైల్ జస్టిస్ చట్టం, 2015 పిల్లను సంస్థలో ఉంచడం ఆఖరి మార్గమని స్పష్టంగా చెబుతోంది. ఆచరణలో అదే మొదటి మార్గం అవుతూ ఉంటుంది, ఎందుకంటే అందరికీ సులువు. పిల్ల హోంలో ఉంటే కేసుకు సేఫ్, అధికారికి టెన్షన్ ఉండదు. పిల్లకు మాత్రం ఏం అర్థమవుతుంది? చెప్పింది తను, ఇల్లూ బడీ తమ్ముడూ దూరమైంది తనకు. బెయిలు మీద వచ్చిన మేస్త్రీ మాత్రం అదే వీధిలో టీ తాగుతుంటాడు.

హోం అక్కర్లేదని కాదు నేననేది. తల్లే నిందితుడి పక్షాన నిలబడ్డ ఇళ్లు ఉంటాయి, తండ్రే నేరం చేసిన ఇళ్లు ఉంటాయి. అలాంటిచోట పిల్లను ఒక్క రాత్రి కూడా వదలకూడదు. కానీ ‘తల్లి పొద్దున పోయి రాత్రికి వస్తుంది, చూసుకునేవాళ్లు లేరు’ అన్న కారణం మీద పిల్లను తీసేస్తే అది పేదరికానికి వేసిన శిక్షే. అక్కడ వెతకాల్సింది పగటిపూట పిల్లను ఎవరు చూస్తారని. బడి వేళలు, అంగన్‌వాడీ టీచర్, పక్కింటి ముసలమ్మ, కస్తూర్బా పాఠశాలలో సీటు, మేనత్త. ఒకటి కాకపోతే ఇంకొకటి.

రంగారెడ్డి జిల్లాలో ఎం.వి. ఫౌండేషన్ 1990ల నుంచి చేసిన పని మీరు చదివే ఉంటారు. పేద తల్లిదండ్రులకు పిల్లల చదువు అక్కర్లేదు, పనికే పంపుతారు అని అందరూ అంటున్న రోజుల్లో వాళ్లు ఆ మాట నమ్మలేదు. తల్లిదండ్రులతో, ఊరితో మాట్లాడి వేలాది పిల్లల్ని పని మాన్పించి బడికి చేర్చారు. ఆ పనిని నడిపించిన శాంతా సిన్హా గారికి 2003లో రామన్ మెగసెసే అవార్డు వచ్చింది, తర్వాత ఆమె జాతీయ బాలల హక్కుల పరిరక్షణ కమిషన్‌కు మొదటి చైర్‌పర్సన్ అయ్యారు. పిల్లల మేలు కోరే విషయంలో పేద తల్లిని అనుమానించడం దగ్గర మొదలుపెట్టకూడదని ఆ అనుభవం చూపించింది. లైంగిక హింస కేసుల్లోనూ నేను అక్కడి నుంచే మొదలుపెట్టమంటాను.

ఇంటి సందర్శన గురించి. జువెనైల్ జస్టిస్ చట్టం ప్రకారం సామాజిక విచారణ, అంటే పిల్ల ఇంటి పరిస్థితులను తెలుసుకుని కమిటీకి రిపోర్టు ఇవ్వడం, పదిహేను రోజుల్లో పూర్తి కావాలి. చాలా రిపోర్టుల్లో ‘ఇంటి వాతావరణం అనుకూలంగా లేదు’, ‘తల్లి నిర్లక్ష్యం’ అని ఉంటుంది. ఇవి చదివి కమిటీ ఏం నిర్ణయించాలి? గది ఎంత, లోపలి నుంచి గడియ ఉందా, రాత్రి ఎవరు ఎక్కడ పడుకుంటారు, బాత్రూం బయట ఉంటే అక్కడ లైటు ఉందా, తల్లి ఇంట్లో లేని గంటలు ఏవి, భయమేస్తే పిల్ల ఎవరి దగ్గరికి పరుగెత్తుతుంది, నిందితుడి మనుషులు ఎంత దూరంలో ఉన్నారు, ఇవి రాయండి. బాత్రూం లైటు చిన్న విషయంలా ఉంటుంది, ఆ పిల్ల రాత్రిళ్లు నీళ్లు తాగడం మానేసిందని తెలిసేదాకా.

జరిగినదాన్ని పిల్ల చేత మళ్లీ చెప్పించకండి. పోలీసులకు చెప్పింది, డాక్టరుకు చెప్పింది, మేజిస్ట్రేటుకు చెప్పింది. మీకు చెప్పాల్సిన పని లేదు. తనంతట తాను మాట్లాడితే వినండి. పిల్లలు అడిగే ప్రశ్నలు వేరుగా ఉంటాయి. ‘బడికి ఎప్పుడు పోవచ్చు?’, ‘తమ్ముడికి తెలుసా?’, ‘పెద్దమ్మ ఇంకెప్పుడూ మాట్లాడదా?’ వీటికి మీ దగ్గర జవాబు ఉండాలి, కనీసం నిజాయితీగా ‘తెలుసుకుని చెబుతాను’ అనైనా అనాలి.

శాఖ పేరు రాసిన జీపులో వీధిలోకి వెళ్లకండి. బియ్యం సంచి ఇస్తూ ఫొటో దిగి వాట్సాప్ గ్రూపులో పెట్టకండి. పిల్ల ఎవరో బయటపడే ఏ వివరమైనా ప్రచురించడం నేరం. ముఖం మసక చేసి, వెనక ఇంటి తలుపు కనిపించేలా పెట్టిన ఫొటో చూస్తే వీధి మొత్తానికీ తెలిసిపోతుంది. ఇది పదే పదే చెప్పాల్సి రావడం నాకు ఇప్పటికీ విసుగే.

తర్వాత రాజీ. పెద్దమనుషులు వస్తారు, ఇంత డబ్బు తీసుకుని ఊరుకోమంటారు. దాంతోపాటు ఇంకో మాట కూడా అంటారు: ‘పిల్లకు సంబంధం చూసి పంపించేయ్, పరువు దక్కుతుంది’. పద్నాలుగేళ్ల పిల్లకు పెళ్లి. ఒక నేరాన్ని మరుగున పెట్టడానికి ఇంకో నేరం. కేసు నడుస్తున్న ఇంట్లో పెళ్లి మాట వినిపించిందంటే అంగన్‌వాడీలను చూసే ఐసీడీఎస్ సూపర్‌వైజర్‌కు, సీడబ్ల్యూసీకి అదే రోజు తెలియాలి. తల్లిని మాత్రం తిట్టకండి. ఆమె లెక్క వేసుకుంటుంది: వాయిదా ఉన్న రోజు కూలి పోతుంది, బస్సు ఛార్జీలు, పని ఇచ్చేవాడు లేడు, కొడుకు బడి మానేశాడు. అటు పక్క నోట్ల కట్ట. కోర్టులో ఆమె ముందు చెప్పిన మాట మారిస్తే ‘అమ్ముడుపోయింది’ అంటారు. ఆ నోట్ల కట్టకు పోటీగా మనం ఆమె ముందు ఏం పెట్టామన్నది ఎవరూ అడగరు.

సపోర్ట్ పర్సన్‌గా, అంటే కేసు నడిచినన్నాళ్లూ పిల్లకు తోడుండే మనిషిగా, మీలో కొందరు పని చేయబోతున్నారు. సపోర్ట్ పర్సన్ కావాలా వద్దా అన్నది తల్లిదండ్రుల ఇష్టానికి వదిలేయకూడదని సుప్రీంకోర్టు 2023 ఆగస్టులో చెప్పింది. అంటే మీరు ఆ కుటుంబానికి దక్కాల్సిన మనిషి. వాయిదాకు ముందే పిల్లను ఖాళీ కోర్టు హాలుకు తీసుకెళ్లి జడ్జి ఎక్కడ కూర్చుంటారో చూపించండి. నిందితుడు తనకు కనిపించకుండా ఏర్పాటు ఉంటుందని, లాయర్లు నేరుగా అడగరు, ప్రశ్నలు జడ్జి ద్వారానే వస్తాయని, అలసిపోతే విరామం అడగవచ్చని చెప్పండి. ‘తెలియదు’, ‘గుర్తు లేదు’ అనడం తప్పు కాదని మరీ మరీ చెప్పండి. ఏం చెప్పాలో మాత్రం నేర్పకండి. విచారణ వాయిదా పడిందేమో ముందురోజే పీపీ (ప్రభుత్వ న్యాయవాది) ఆఫీసుకు ఫోన్ చేసి తెలుసుకోండి, ఆ తల్లికి ఒక రోజు కూలి మిగులుతుంది.

పదహారు, పదిహేడేళ్ల అమ్మాయి ఇష్టపడి వెళ్లిపోయిన కేసులు కూడా మీ దగ్గరికి వస్తాయి. ఇది వేరే ఉపన్యాసం అవుతుంది, ఒక్క సంగతి చెప్పి వదిలేస్తాను. పశ్చిమ బెంగాల్ కేసు ఒకదానిలో 2025 మేలో సుప్రీంకోర్టు దోషిగా తేలినవాడికి శిక్ష వేయకుండా వదిలింది. అప్పటికి ఆ అమ్మాయి పెద్దదై అతనితోనే ఉంటోంది. పోలీసులు, కోర్టులు, అతన్ని విడిపించుకోవడానికి పడ్డ పాట్లే ఆమెను ఎక్కువ దెబ్బతీశాయని నిపుణుల కమిటీ కోర్టుకు చెప్పింది. ఇలాంటి కేసులో ఇంట్లోవాళ్ల కోపం నుంచి కూడా అమ్మాయిని కాపాడాల్సి ఉంటుంది. పరువు పేరుతో కొట్టేవాళ్ల చేతికి ‘కుటుంబానికి అప్పగించాం’ అని రాసి ఇవ్వకండి.

ఇక తీర్పు తర్వాత. శిక్ష పడితే పేపర్లో వార్త వస్తుంది, పడకపోతే అదీ రాదు. రెండు సందర్భాల్లోనూ ఆ ఇంటికి వెళ్లేవాళ్లు ఉండరు, ఎందుకంటే ఫైలు మూసేశాం. పరిహారం ఉత్తర్వు వచ్చినా డబ్బు ఖాతాలో పడకుండా నెలలు గడిచే కుటుంబాలున్నాయి. ప్రభుత్వం ముప్పై రోజుల్లో చెల్లించాలన్నది నిబంధన. జిల్లా న్యాయసేవాధికార సంస్థకు వెళ్లి అడగండి, లిఖితపూర్వకంగా అడగండి, కాపీ మీ దగ్గర పెట్టుకోండి. అతను నిర్దోషిగా బయటికొస్తే ఆ వారంలో తప్పకుండా ఆ ఇంటికి వెళ్లండి. కోర్టు తనను నమ్మలేదని పిల్ల అనుకుంటుంది. సాక్ష్యం సరిపోకపోవడం వేరు, తను అబద్ధం చెప్పిందనడం వేరు అని పిల్లకు అర్థమయ్యేలా ఎవరో ఒకరు చెప్పాలి, జడ్జి వచ్చి చెప్పరు కదా.

భోజనం తర్వాత ఇదే హాల్లో కూర్చుందాం. సామాజిక విచారణ నివేదిక ఖాళీ ఫారాలు తెచ్చాను. నేను చెప్పిన ఆ తల్లి ఇంటికి మీరే వెళ్లారనుకుని నింపండి, దాంతోపాటు ఎనిమిదో నిబంధన కింద సీడబ్ల్యూసీకి ఒక పేజీ దరఖాస్తు రాయండి. ఏ ఖర్చుకు ఎంత కావాలో అంకెలతో రాయాలి.