కార్డు మీద లేని గడువు

శ్రోతలందరికీ నమస్కారం.

అమెరికాలో మనవాళ్ళు రాష్ట్రం మారడం కొత్తేమీ కాదు. ఉద్యోగం న్యూజెర్సీలో మొదలవుతుంది, ప్రాజెక్టు టెక్సాస్‌కి లాక్కెళ్తుంది, చివరికి ఇల్లు ఇంకెక్కడో కొనుక్కుంటాం. సామాను చేరడం, పిల్లల స్కూలు, కరెంటు, ఇంటర్నెట్ ఇవన్నీ ఓ కొలిక్కి వచ్చాక గానీ పర్సులోని డ్రైవింగ్ లైసెన్స్ గుర్తుకు రాదు. వచ్చినా ఏం చేస్తాం? తీసి తేదీ చూస్తాం. ఇంకా రెండేళ్ళుంది కదా అని మళ్ళీ లోపల పెట్టేస్తాం. నేనూ అదే పని చేశాను.

ఇండియాలో అలవాటైన ధోరణి అది. విజయవాడలో తీసుకున్న లైసెన్స్‌తో బెంగళూరులో నడపొచ్చు, దాని గడువు తీరేదాకా అది చెల్లుతుంది. ఇక్కడ లైసెన్స్ రాష్ట్రం సొత్తు. కార్డు మీద ఉన్నది పాత రాష్ట్రం ఇచ్చిన గడువు. కొత్త రాష్ట్రం పెట్టే గడువు ఆ కార్డు మీద ఎక్కడా ఉండదు. మీరు అక్కడ కాపురం పెట్టిన రోజు నుంచే అది రోజులు లెక్కపెడుతుంది.

ఆ లెక్క కూడా ఒక్కో చోట ఒక్కోలా ఉంటుంది. కాలిఫోర్నియా 10 రోజులే ఇస్తుంది. న్యూయార్క్, ఫ్లోరిడాల్లో 30. పెన్సిల్వేనియా, వర్జీనియాల్లో 60. న్యూజెర్సీలోనూ 60 రోజులే, కానీ ఈలోగా పాత లైసెన్స్ గడువు తీరేట్టుంటే అంతకుముందే మార్చుకోవాలి. టెక్సాస్ 90 రోజులిస్తుంది. మసాచుసెట్స్ అయితే అసలు వాయిదానే ఇవ్వదు, నివాసి అయిన వెంటనే మార్చుకోమంటుంది. నివాసి ఎప్పుడయ్యారన్నది మీరు అనుకోవడాన్ని బట్టి ఉండదు. పిల్లల్ని అక్కడి స్కూల్లో చేర్పించడం లాంటివి కూడా సాక్ష్యాలుగా చూస్తారు. వేరే రాష్ట్రంలో చదువుకోవడానికి వెళ్ళిన విద్యార్థులకు చాలాచోట్ల ఈ పట్టింపు ఉండదు.

పాత కార్డు చెల్లుతుండగా వెళ్తే ఒక పెద్ద లాభం ఉంది. చాలా రాష్ట్రాల్లో బండి నడిపి చూపించమనరు. కళ్ళ పరీక్ష చేస్తారు, కొన్నిచోట్ల రాత పరీక్ష పెడతారు, అంతే. గడువు తీరాక వెళ్తే ఆ వెసులుబాటు పోవచ్చు. ఇరవై ఏళ్ళుగా కారు నడుపుతున్న మనిషి మళ్ళీ పక్కన పరీక్షాధికారిని కూర్చోబెట్టుకుని పార్కింగ్ చేసి చూపించడం ఎంత ఇబ్బందో ఆలోచించండి.

ఇక కాగితాల సంగతి. అసలు చిక్కంతా ఇక్కడే. దేశంలో విమానం ఎక్కడానికి లైసెన్స్‌ని గుర్తింపుగా చూపాలంటే అది కేంద్రం పెట్టిన ప్రమాణాల ప్రకారం ఇచ్చిందై ఉండాలనే 2005 నాటి రియల్ ఐడీ చట్టాన్ని 2025 మే 7 నుంచి విమానాశ్రయాల్లో అమలు చేస్తున్నారు కాబట్టి, కొత్త లైసెన్స్ ఎలాగూ రియల్ ఐడీగానే తీసుకుంటారు. దానికి గుర్తింపు, సోషల్ సెక్యూరిటీ నంబరుతో పాటు ఇంటి చిరునామాకి రెండు రుజువులు కావాలి. మా ఇంట్లో జరిగింది చెబుతాను. అద్దె ఒప్పందం నా పేరు మీద, గ్యాస్ బిల్లు నా పేరు మీద, బ్యాంకు ఉత్తరాలూ నా పేరు మీదే. మా ఆవిడ వంతు వచ్చేసరికి ఆవిడ ఆ ఇంట్లో ఉంటోందనడానికి ఒక్క కాగితం లేదు. ఇద్దరం సెలవు పెట్టి వెళ్ళాం, నేను కార్డు తెచ్చుకున్నాను, ఆవిడ కోపం తెచ్చుకుంది. అందుకే కొత్త ఇంట్లో దిగగానే ఒక బిల్లన్నా ఇల్లాలి పేరున పెట్టండి, అద్దె ఒప్పందంలో ఇద్దరి పేర్లూ రాయించండి. టెక్సాస్‌లాంటి చోట, ఈమె మా ఇంట్లోనే ఉంటోందని ఇంట్లోవాళ్ళు సంతకం చేసే అఫిడవిట్ ఫారం కూడా ఉంది.

వీసా మీద ఉన్నవాళ్ళు పాస్‌పోర్టు, ఐ-94 అనే దేశ ప్రవేశ రికార్డు, ఇమ్మిగ్రేషన్ శాఖ ఇచ్చే ఐ-797 ఆమోదపత్రం వెంట పెట్టుకోవాలి. కొత్త లైసెన్స్ మీ వీసా హోదా గడువు దాకానే ఇస్తారు. పొడిగింపు త్వరలో వస్తుందనుకుంటే ఆ సంగతి కూడా చూసుకుని వెళ్ళండి. ఉద్యోగ వీసా ఉన్నవాళ్ళ కుటుంబానికిచ్చే హెచ్-4 మీద ఉండి సోషల్ సెక్యూరిటీ నంబరు లేనివాళ్ళని, మీకు నంబరు రాదని సోషల్ సెక్యూరిటీ ఆఫీసు రాసిచ్చే ఉత్తరం తెమ్మని చాలా రాష్ట్రాలు అడుగుతాయి. పేరొకటి. మన ఇంటిపేర్లు ఎక్కడ రాయాలో మనకే ఒక్కోసారి తెలియదు. పాస్‌పోర్టులో పేరంతా ఒకే గడిలో పడిపోతే వీసా మీద ఎఫ్.ఎన్.యు., అంటే మొదటి పేరు తెలియదు అని వస్తుంది. పేరు పాస్‌పోర్టులో ఒకలా, సోషల్ సెక్యూరిటీలో ఇంకోలా ఉంటే కంప్యూటర్ ఒప్పుకోదు. ముందు అది సరిచేయించుకుని తర్వాత లైసెన్స్‌కి వెళ్ళండి.

కౌంటర్ దగ్గర ఇంకొక ప్రశ్న వస్తుంది, ఓటరుగా నమోదు చేయమంటారా అని. 1993 నాటి చట్టం వల్ల లైసెన్స్ ఆఫీసుల్లో ఆ ప్రశ్న అడుగుతారు. మీరు అమెరికా పౌరులు కాకపోతే, గ్రీన్ కార్డు ఉన్నా సరే, వద్దు అని స్పష్టంగా చెప్పండి. తొందరలో ఔనని టిక్కు పెట్టి సంతకం చేస్తే పౌరుణ్ణని అబద్ధం చెప్పినట్టవుతుంది. దానివల్ల దేశం నుంచి పంపించే పరిస్థితి కూడా రావచ్చు. ఈ ఒక్క మాట కోసమైనా ఇవాళ మాట్లాడాలనుకున్నాను.

కారు సంగతి మరిచిపోకండి. టెక్సాస్‌లో కారు రిజిస్ట్రేషన్‌కి 30 రోజులే గడువు, లైసెన్స్‌కి 90. పైగా సొంత కారుతో వచ్చిన కొత్తవాళ్ళు లైసెన్స్ కోసం వెళ్ళినప్పుడు కారు అక్కడ రిజిస్టర్ అయినట్టు చూపించాలి. రిజిస్ట్రేషన్‌కి ఆ రాష్ట్రం ఇన్సూరెన్స్ కావాలి. కాబట్టి ముందు ఇన్సూరెన్స్, తర్వాత కారు, ఆ తర్వాతే మీరు.

పాత రాష్ట్రంలో కట్టని ట్రాఫిక్ టికెట్ ఏదైనా ఉంటే అదీ మీతోపాటే వస్తుంది. దానివల్ల అక్కడ లైసెన్స్ సస్పెండ్ అయి ఉంటే దేశవ్యాప్త రికార్డులో కనిపిస్తుంది, కొత్త రాష్ట్రం ముందు ఆ లెక్క తేల్చుకురమ్మంటుంది.

అన్నీ సరిగ్గా ఉంటే పాత కార్డు తీసేసుకుంటారు, లేదా దానికి చిల్లు పొడిచి ఇస్తారు. చేతికి ఒక కాగితం వస్తుంది, అసలు కార్డు తర్వాత పోస్టులో వస్తుంది. కారు నడపడానికి ఆ కాగితం చాలు. విమానాశ్రయంలో మాత్రం దాన్ని గుర్తింపుగా ఒప్పుకోరు, అందుకని కార్డు వచ్చేదాకా ఎక్కడికైనా ఎగరాల్సి వస్తే పాస్‌పోర్టు జేబులో పెట్టుకోండి.

సెలవు.