ఎర్రగడ్డకు సున్నా వేశాను

అందరికీ నమస్కారం. మాది కావలి దగ్గర పల్లె. "చెవుల మీద పీహెచ్‌డీ ఏందబ్బా, ఇంతకీ డాక్టరువా కాదా?" అని మా ఊళ్లో ఇప్పటికీ అడుగుతుంటారు. నేను ఆపరేషన్లు చెయ్యను, మందులు రాయను. వినికిడి ఎంతుందో కొలవడం, మాట ఎక్కడ తడబడుతోందో పట్టుకుని సరిదిద్దడం మా పని.

చదువు దారి తొందరగా చెప్పేస్తాను. ఇంటర్‌లో సైన్సు, ఇంటర్న్‌షిప్‌తో కలిపి నాలుగేళ్ల బీఏఎస్ఎల్‌పీ (వినికిడి, మాటలకు సంబంధించిన డిగ్రీ), రెండేళ్ల పీజీ, ఆపైన పీహెచ్‌డీ. 1965లో మైసూరులో పెట్టిన అఖిల భారత వాక్ శ్రవణ సంస్థ ఈ రంగానికి పెద్దదిక్కు.

పీహెచ్‌డీలో అసలు టెన్షన్ ప్రశ్న దొరకడమే. నాది నెల్లూరులో ఓ నాలుగేళ్ల పాప దగ్గర దొరికింది. బొమ్మ చూపించి పేరు చెప్పించే పరీక్ష అది. ఉల్లిపాయ బొమ్మ పెడితే పాప "ఎర్రగడ్డ" అంది. నా షీటులో చూడాల్సింది "ల్ల". అది రాలేదని సున్నా వేశాను. పక్కనున్న అమ్మమ్మ తొంగిచూసి, "ఎర్రగడ్డను ఎర్రగడ్డ అనక ఇంకేమంటాది అమ్మాయ్?" అంది. నిజానికి పిల్లలకు మామూలుగా "ల" కంటే "ర" ఆలస్యంగా పట్టుబడుతుంది. కష్టమైన "ర్ర" ఖంగుమని పలికిన పిల్లకు నేను వేసింది సున్నా!

ఆ సున్నా మీదే సినాప్సిస్, అంటే ఏం పరిశోధిస్తానో చెప్పే ప్రణాళిక, రాశాను. ఎథిక్స్ కమిటీ అనుమతి, తల్లిదండ్రుల సంతకాలు అయ్యాక రికార్డింగులు. ఫ్యాను చప్పుడు పడకూడదు. మే నెల నెల్లూరులో ఫ్యాను ఆపి పిల్లల్ని కూర్చోబెట్టి చూడండి, తెలుస్తుంది. కరెంటు పోతే సంతోషించింది ఊరు మొత్తానికి నేనొక్కదాన్నే.

తర్వాత ప్రాట్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌లో ఒక్కో మాటనూ మిల్లీసెకన్లలో కొలిచాను. మన "బ" పలికేటప్పుడు పెదాలు విడకముందే గొంతు మోగుతుంది. తెర మీద అది సన్నటి అలలా కనిపిస్తుంది. ఇంగ్లీషువాళ్ల "బ"లో చాలాసార్లు ఆ అల ఉండదు. వాళ్ల కొలతలు తెచ్చి మన పిల్లలకు తప్పులు పడితే ఎట్లా?

చివరికి "ల్ల" కోసం వెల్లుల్లి బొమ్మ పెట్టి, ఆ పాపనే మళ్లీ పిలిపించాను. బొమ్మ వైపు చూసి, అమ్మమ్మ వైపు చూసి, "తెల్లగడ్డ" అంది.